ముందే తీసిన నవ్వు

"చంద్రకళ చచ్చిపోయిందమ్మా" అని ప్రొడక్షన్ మేనేజర్ గవర్రాజు గుమ్మంలో నిలబడి చెప్పినప్పుడు, వకుళ కంప్యూటర్ మీంచి తల తిప్పకుండానే, "అవునండీ, నిన్న మధ్యాహ్నమేగా. ఒక్క టేకులో అయిపోయిందని విన్నాను" అంది.

ఆ ఆఫీసులో అలాంటి మాటలు రోజూ వినబడతాయి. ఫలానా ఆయన్ని రేపు చంపుతున్నాం, ఫలానా ఆమె నెలాఖరు దాకా బతికుండాలి, శవాలిద్దరికీ భోజనాలు పంపండి. చేరిన కొత్తలో ఉలిక్కిపడేది. ఇప్పుడు అలవాటైపోయింది.

గవర్రాజు కదల్లేదు. "షాట్లో కాదమ్మా. ఇంటికాడ. రాత్రి పడుకుందంట. పొద్దున్న తల్లి లేపితే లెగలేదు."

వకుళ తల తిప్పింది. చంద్రకళకు ఇరవై ఆరేళ్ళు. నిన్న పొద్దున ఇదే గదిలోకి తొంగిచూసి, "మేడమ్, మొదటిసారి నా మొహం ఒక్కదానికే కెమెరా పెడుతున్నారు. శవమైతేనేం!" అని సంబరపడి వెళ్ళింది.

"డాక్టరేమన్నాడు?"

"గుండె అన్నాడు." గవర్రాజు చేతిలోని బండి తాళం వంక చూసుకున్నాడు. "ఎల్లమందకీ గుండే అన్నారు కదమ్మా, పోయిన నెల."

శవం వేషాలేసే ఎల్లమందకు యాభై దాటాయి, షుగరు ఉంది, కాబట్టి ఎవరూ మారు మాట్లాడలేదు. వకుళే కంపెనీ తరఫున పూలదండ పట్టుకెళ్ళింది. ఇప్పుడు ఆ పేరు పక్కన ఈ పేరు వచ్చి చేరింది. ఇద్దరూ శవం వేషం వేసిన రోజే పోయారు. ఇద్దరికీ మెడ వెనక బిళ్ళ పెట్టారు.

"ఇవాళ బిళ్ళ ఎవరికైనా పెట్టారా?"

"మీ బాబాయికేనమ్మా. తెల్లారే వెలుతురులో తీయాలన్నారు. అయిపోయింది, ఇడ్లీ తిన్నాడు, వ్యానెక్కించి పంపేశాను. పనైనోళ్ళని కూర్చోబెట్టకూడదని మీ రూలే కదా."

* * *

ఆ బిళ్ళ పాత రూపాయి బిళ్ళంత ఉంటుంది. కొత్త కెమెరాలు, గోడంత తెరలు వచ్చాక సినిమాలో శవాలు పెద్ద తలనొప్పి అయ్యాయి. మెడ దగ్గర నాడి కొట్టుకోవడం, రెప్ప కింద కనుగుడ్డు కదలడం పిల్లలు కూడా కనిపెట్టి హాల్లో ఈల వేస్తున్నారు. కంప్యూటర్లో చెరిపితే మొహం మైనపు బొమ్మలా అవుతోంది. స్టూడియో వెనక భవనంలో డాక్టర్ రుక్సానా ల్యాబు పెట్టి ఏళ్ళ తరబడి శ్రమపడి చేసిన బిళ్ళ ఇది. మెడ వెనక అతికిస్తే ఊపిరి ఆగిపోతుంది, నాడి లోతుకు దిగిపోతుంది, ఒళ్ళు చల్లబడి ఉన్న గాలినే పొదుపుగా వాడుకుంటుంది. నాలుగు నిమిషాలకు బిళ్ళ కిచ్‌మంటుంది. మనిషి నీళ్ళలోంచి తేలినట్టు గుటుక్కున ఊపిరి పీల్చి లేచి కూర్చుంటాడు. ల్యాబులో ఎంతమంది మీదో ప్రయత్నించారు. ఒక్కరికీ ఏమీ కాలేదు.

వకుళ బాబాయి పరాంకుశం ఆ బిళ్ళ పుట్టకముందు నుంచే శవం. తెనాలి నాటకాల కంపెనీ మూతబడ్డాక హైదరాబాదు వచ్చి కృష్ణానగర్లో చేరాడు. ముక్కులోకి చీమ దూరినా కదలడని పేరు. పిన్ని సామ్రాజ్యం కూడా జూనియర్ ఆర్టిస్టే. శవం మీద పడి ఏడవడం ఆమె పని. వాళ్ళ పరిచయమూ అలాగే జరిగింది. మొదటిరోజే ఆమె ఆయన గుండె మీద పడి రాగం తీస్తూ తీస్తూ, చెవి దగ్గర, "నీ మీసం ఒక పక్క ఊడింది, చూసుకో" అని గొణిగింది. ఆయన కదల్లేదు. డైరెక్టరు కట్ అన్నాక మాత్రం పాడె మీదే దొర్లి దొర్లి నవ్వాడు. అప్పట్నించీ అది వాళ్ళిద్దరి మధ్య పందెం. శవంగా ఉండగా ఆయన్ని ఒక్కసారి నవ్వించాలని ఆమె, నవ్వకూడదని ఆయన. పిన్ని ఎప్పుడూ గెలవలేదు.

ఊళ్ళో పదో తరగతి అయ్యాక వకుళను తెచ్చి చదివించింది వీళ్ళే. అందుకే ఈ కంపెనీ మొట్టమొదటిసారి హెచ్ఆర్ విభాగం పెట్టి ఆమెను తీసుకున్నప్పుడు, ఆమె గదిలో కూర్చోలేదు. సెట్లో ఒక మూల స్టూలు వేసుకుని అందర్నీ చూస్తూ ఉండేది. ఎవరు ఎక్కడ తింటున్నారు, ఆడవాళ్ళు బాత్రూముకు ఎంత దూరం నడుస్తున్నారు, ఎవరు ఊరికే ఎదురుచూస్తున్నారు. అందరికంటే ఎక్కువగా ఎదురుచూసేది శవాలు.

దానికి కారణం నవ్వు షాట్. శవం వేషం వేసిన మనిషి అలాగే ఇంటికి పోకూడదు, కీడు. షాట్ అయ్యాక కెమెరా మళ్ళీ తిప్పి, ఆ మనిషి నవ్వుతుండగా ఒక ముక్క తీయాలి. అది సినిమాలో ఎక్కడా వాడరు. కానీ తీయకపోతే ఎవరూ ఒప్పుకోరు. బిళ్ళ పెట్టినవాళ్ళను గవర్రాజు అక్కడికక్కడే ఏదో ఒకటి అని నవ్వించేవాడు. అయితే డైరెక్టరు వెలుతురు పోతోందని వేరే షాట్లలో పడ్డాడంటే, కెమెరా మళ్ళీ వీళ్ళ వైపు తిరిగేదాకా వీళ్ళు రంగు రక్తం అంటుకున్న బట్టలతో, ఈగలు తోలుకుంటూ కూర్చోవాలి.

ఈ సినిమా మొదలయ్యే ముందు మీటింగులో వకుళ మెల్లగా అడిగింది. "నవ్వు షాట్ పొద్దున్నే, మేకప్ వేయకముందే తీసేస్తే? వాళ్ళు పనయ్యాక నేరుగా ఇంటికి వెళ్ళిపోతారు కదా."

గవర్రాజు చేత్తో బల్ల మీద కొట్టాడు.

"అదే కదండీ! మనం క్లైమాక్సు మొదటి రోజు తీసేత్తాం, పెళ్ళికి ముందు పిల్లోడి బారసాల తీసేత్తాం. నవ్వెంత? కెమెరాలో ఉంటే చాలు, ముందైతే ఏటి, ఎనకైతే ఏటి!"

ఎవరికీ అందులో తప్పు కనబడలేదు. వెనకది ముందు తీయడం వాళ్ళ వృత్తి. పరాంకుశం కూడా ఆ రాత్రి అన్నం కలుపుకుంటూ మెచ్చుకున్నాడు. "మంచి పని చేశావే అమ్మాయ్. రక్తం రంగు ఎండితే గోకలేక చస్తన్నాం."

"నా పందెం చెడగొట్టింది గదా" అంది సామ్రాజ్యం. "కట్ అన్నాక ఈయన నవ్వుతుంటే చూడటానికేగా నేను గొంతు చించుకునేది. ఇక ఏడ్చి ఏం లాభం?"

* * *

వకుళ ఫోన్ చేస్తే పరాంకుశం వెంటనే తీశాడు.

"ఇంటికొచ్చేశా అమ్మాయ్. ఏంది, గొంతు అట్టా ఉంది?"

"బాబాయ్, ఒంట్లో ఎలా ఉంది?"

"బ్రహ్మాండం. తెల్లారకముందే లేపారు కదా, కళ్ళు..." ఆయన ఆగాడు. ఆగిన చోట ఏమీ వినబడలేదు. తర్వాత, మర్చిపోయిన వస్తువు గుర్తొచ్చినట్టు, లోపలికి ఒక పెద్ద ఊపిరి లాగాడు. "...కళ్ళు మండుతున్నాయి. కాసేపు పడుకుంటా."

"వద్దు. నేను వచ్చేదాకా పడుకోకు. ఒట్టు."

"ఇదెక్కడి రూలే!" అని ఆయన ఫోన్ పెట్టేశాడు.

స్పీకరులో అంతా విన్న గవర్రాజు దగ్గరికి వచ్చాడు. "చంద్రకళ తల్లీ అదే సెప్పిందమ్మా. అన్నం తింటా తింటా ఆగిపోయి, ఊపిరి గుర్తొచ్చినట్టు తీసుకునేదంట. అలిసిపోయిందనుకున్నారంట."

ఇద్దరూ ల్యాబుకు పరిగెత్తారు.

డాక్టర్ రుక్సానా విన్నది, కుర్చీలోంచి లేచింది, మళ్ళీ కూర్చుంది. "నా బిళ్ళతోని కాదు. చూపిస్త, చూడు." ఆమె పాత ప్రయోగాల వీడియోలు తెరమీద పెట్టింది. బల్ల మీద మనిషి, కింద ఊపిరి గీత. బిళ్ళ కిచ్‌మనడం, మనిషి లేవడం, గీత కదలడం. "చూసినవా? అందరూ బాగనే లేచిండ్రు."

వకుళ తెరకు దగ్గరగా జరిగింది. మనిషి లేచాక గీత అలలా లేదు. మెట్లు మెట్లుగా ఉంది. ఒక మెట్టు, ఖాళీ, ఇంకో మెట్టు. అంతలో వీడియోలోకి ఒక పక్క నుంచి తువ్వాలు భుజాన వేసుకున్న గవర్రాజు వచ్చాడు. ప్రయోగానికి మనుషుల్ని తెచ్చేది ఆయనే. బల్ల మీద మనిషి చెవిలో ఏదో అన్నాడు. ఆ మనిషి పకపకా నవ్వాడు. గీత చింపిరి చింపిరిగా ఎగిరి, ఆ తర్వాత చెరువులో నీళ్ళలా మెత్తగా ఆడటం మొదలుపెట్టింది.

"ఇంకొకటి పెట్టండి" అంది వకుళ.

రెండోదాంట్లోనూ మెట్లు, గవర్రాజు, నవ్వు, అల. మూడోదాంట్లోనూ అంతే.

"ప్రతిసారి నా టేబుల్ కాడికొచ్చి సతాయిస్తుండె" అంది రుక్సానా. "సినిమావోళ్ళ మూఢనమ్మకమని నేను రికార్డుల గీత సాఫైనకాడి నుంచే లెక్కలకు తీసుకున్న. ముందు ముక్క కోసేసిన."

తర్వాత ఆమే విడమర్చి చెప్పింది. ఊపిరి రెండు రకాలుగా నడుస్తుంది. ఒకటి దానంతటదే. రెండోది మనం లాగితే. బిళ్ళ మొదటిదాన్ని నిద్రపుచ్చుతుంది. లేచిన మనిషి రెండోదాంతో బతుకుతాడు, ఆ సంగతి అతనికి తెలియదు. నవ్వు మనల్ని అడక్కుండా ఊపిరిని బయటికి నెడుతుంది, ఆ కుదుపుకు మొదటిది మేలుకుంటుంది. అది మేలుకోకపోయినా, మనిషి మెలకువగా ఉన్నంతసేపు ఏమీ కాదు.

"పడుకుంటే?" అన్నాడు గవర్రాజు.

రుక్సానా బల్ల మీది కారు తాళాలు అందుకుంది.

వకుళ అప్పటికే ఫోన్ చేస్తోంది. మోగింది, మోగింది. పిన్ని తీసింది. గుసగుసగా, "ఇప్పుడే కునుకు పట్టిందే. కాసేపాగి..."

"లేపు పిన్నీ! కొట్టి లేపు!"

ఫోన్ కిందపడిన చప్పుడు. "ఇదిగో... ఇదిగో నిన్నే" అని పిన్ని గొంతు. మళ్ళీ, ఇంకా గట్టిగా. తర్వాత వకుళ ఎన్నడూ వినని ఒక కేక. చెంప మీద దెబ్బ. ఇంకో దెబ్బ. ఆ తర్వాత దగ్గు, గుటుక్కున ఊపిరి.

"పెదాలు నీలంగా ఉన్నాయే" అంది పిన్ని ఫోన్లో. "వకుళా, ఈయన పెదాలు నీలంగా ఉన్నాయి!"

* * *

కారులో రుక్సానా రెండు సంగతులు చెప్పింది. అంబులెన్సు పంపమని ఫోన్ చేశానంది, ఆసుపత్రిలో మిషన్ మీద పెడితే ప్రాణం నిలుస్తుంది. కానీ దానంతటదే నడిచే ఆ మొదటి ఊపిరి ఎక్కువసేపు నిద్రలోనే ఉంటే ఇక ఎప్పటికీ లేవకపోవచ్చు. అప్పుడు బతికినన్నాళ్ళూ మిషన్ పెట్టుకుంటేనే నిద్ర.

కృష్ణానగర్ సందులో వాళ్ళ రెండు గదుల ఇంట్లో పరాంకుశం మంచం మీద గోడకానుకుని కూర్చున్నాడు. సామ్రాజ్యం ఆయన కళ్ళ మీద నీళ్ళు కొడుతోంది. రుక్సానా ఆయన ముక్కు కింద సన్నటి తీగ అంటించి, చేతిలోని చిన్న తెర మీద ఊపిరి గీత చూసింది. మెట్లు. వాటి మధ్య ఖాళీలు వీడియోలో కంటే పొడుగ్గా ఉన్నాయి.

"నవ్వాలి బాబాయ్" అంది వకుళ. "నవ్వితే బతుకుతావు."

"అంతేనా!" అని పరాంకుశం తల వెనక్కి వేసి నవ్వాడు. నాటకాల్లో రాజు నవ్వే నవ్వు. గోడలు అదిరాయి. పక్కింటివాళ్ళు కిటికీలోంచి చూశారు.

తెర మీద మెట్లు కదల్లేదు.

"ఇది మీరు నవ్వుతున్నరు అన్నా" అంది రుక్సానా. "మీరు నవ్వొద్దు. అదే రావాలె."

ఆయన ఇంకో నవ్వు నవ్వాడు, పల్లెటూరి ముసలివాడిది. ఇంకోటి, తాగుబోతుది. ఒకదానికంటే ఒకటి నిజంగా ఉన్నాయి. ఒక్కటీ నిజం కాదు. గవర్రాజు మంచం పక్కన కూలబడి, సెట్లో అందర్నీ పడేసే తన కథలన్నీ ఒక్కొక్కటే మొదలుపెట్టాడు. ఆయన గొంతే వణుకుతుంటే ఎవరికి నవ్వొస్తుంది? రుక్సానా అరికాలు గీకింది. చీమ దూరినా కదలని ఒళ్ళు అది, ఉలకలేదు.

"చంద్రకళ కూడా ఇట్టాగేనా?" అని పరాంకుశం అడిగాడు. రెండు వీధుల అవతలి చావు కబురు ఆయన చెవినా పడింది; ఎలా పోయిందో ఇప్పుడు ఎవరూ చెప్పకపోయినా తెలిసిపోయింది. "పసిపిల్ల. బతికుంటే ఇవాళ కూడా షూటింగులో నా పక్కనే కూర్చునేది." ఆయన రెప్పలు వాలాయి. వకుళ భుజం పట్టి కుదిపింది.

సామ్రాజ్యం చెంబు కింద పెట్టింది. కొంగు బిగించింది. "తప్పుకోండి అందరూ. పాతికేళ్ళ నుంచి నా పని ఇది." ఆమె ఆయన గుండె మీద పడి రాగం అందుకుంది.

"ఓ నా రాజో... నన్నిడిచి పోయావా! గ్యాసు బండ అయిపోయిందని చెప్పకనే పోయావా! నా కొత్త చీరె మీద ఇస్త్రీ పెట్టె మరిచి పోయావా!"

ఆ రాగం చెవిన పడగానే పరాంకుశం మొహం మారిపోయింది. దవడ జారింది. కళ్ళు మూతపడ్డాయి. ఎంత బాగా వచ్చిన పని అది! పోయావా, పోయావా అని ఆమె ఊగుతోంది. ఆయన కదలడం లేదు. వకుళ చిన్న తెర వంక చూసింది.

గీత నేల మీద పడుకుంది.

"ఆగింది!" అని రుక్సానా అరిచింది.

వకుళ ముందుకు దూకి ఆయన చెంప మీద కొట్టింది. తనను పెంచిన మనిషిని కొట్టింది. ఆయన కళ్ళు తెరిచి, గాలి మింగి, అమాయకంగా అన్నాడు. "ఎవరూ కట్ అనలేదుగా."

సామ్రాజ్యం ఆయన మీంచి లేచింది. ఆమెకు అర్థమైంది. తన ఏడుపు వింటే ఆయన చచ్చిపోతాడు. అలవాటు. ఆమె ఒకడుగు వెనక్కి వేసి గోడకు తగిలి, అక్కడే కిందికి జారి కూర్చుంది. నోరు తెరిచింది. ముందు శబ్దమే రాలేదు. తర్వాత వచ్చింది. సైకిల్ ట్యూబులోంచి గాలి పోయినట్టు సన్నగా కీచుమని, దాని మీద ఒక ఎక్కిలి, దాని మీద ఒక చీదుడు. రాగం లేదు, మాట లేదు. ఎన్నో శవాల మీద గ్లిజరిన్‌తో ఏడ్చిన మనిషికి ఏడవడం రాలేదు.

పరాంకుశం తల తిప్పి చూశాడు.

"ఏందే అది?" అన్నాడు.

"నోర్... హిక్... నోర్ముయ్యి."

"అది ఏడుపా? డైరెక్టరు వింటే కర్ర పుచ్చుకుంటాడు. నా పరువు తీస్తన్నావు గదే. శవమే లేచి పోద్ది."

"సచ్చి... హిక్... సచ్చినోడా, నువ్వు ముందు... హిక్... సావకుండా ఉండు!"

ముందు ఆయన పొట్ట కదిలింది. ఆయనకే తెలియకుండా, చొక్కా కింద ఏదో జంతువు మెసిలినట్టు. ఆపుకోబోయాడు. అదీ అలవాటే. ఆపుకోలేకపోయాడు. ముక్కులోంచి ఒక తుపుక్కు వచ్చి, ఆ వెనకే ఇంకేదో కట్ట తెగింది. ఏ వేషానికీ పనికిరాని నవ్వు, దగ్గుతో కలిసి, కళ్ళనీళ్ళతో కలిసి. "హిక్... హిక్ అంటుందిరా..." అని ఆయన మంచం కోడు పట్టుకుని ఊగిపోతుంటే, సామ్రాజ్యం లేచివచ్చి ఆయన వీపు మీద గుద్దింది, ఏడుస్తూనే.

రుక్సానా చేతిలో గీత చింపిరి చింపిరిగా ఎగిరింది. ఎగిరి, దిగి, మెత్తగా అల కొట్టింది.

ఆయన నిద్రపోయినప్పుడు కూడా అది ఆగలేదు. అంబులెన్సు వాళ్ళు వచ్చి చూసి, ఆసుపత్రికి తీసుకెళ్తామని స్ట్రెచర్ దించారు. సామ్రాజ్యం ఆయన గుండె మీదనుంచి చెయ్యి తీయలేదు.

* * *

మెట్ల దగ్గర గవర్రాజు వకుళను ఆపాడు. "అమ్మా, ఒక్క మాట. నవ్వు ముందు తియ్యమన్నది ఎవరని రేపు అందరూ అడుగుతారు. గుండె అని డాక్టరు సెప్పేశాడు. బిళ్ళలు ఎలాగూ ఆపేత్తాం. మనం కదపకపోతే..."

"చంద్రకళ వాళ్ళింటికి వెళ్దాం, బండి తీయండి" అంది వకుళ.

ఇల్లు రెండు వీధుల అవతలే. గుమ్మం ముందు కుర్చీలు వేస్తున్నారు. లోపల తల్లి ఆదెమ్మ కూతురి తల దగ్గర కూర్చుని ఉంది. ఏడవడం లేదు. వకుళను చూడగానే గుర్తుపట్టింది.

"ఆఫీసమ్మా, దండ వేయడానికి మంచి బొమ్మ లేదమ్మా. అన్ని సినిమాల్లో వేసింది, గుంపులోనే. మొహం ఒక్కటీ కనబడదు. నిన్న ఒక్కదానికే తీశారన్నదే, అది ఉందా?"

నిన్న ఒక్కదానికే తీసినవి రెండు. ఒకటి శవం. వకుళ ఎడిటింగ్ రూముకు ఫోన్ చేసి రెండోది పంపించమంది. కొంచెంసేపటికి వచ్చింది. ఫోన్లో చంద్రకళ, మేకప్ లేకుండా, ఇంటి నుంచి వచ్చిన పచ్చ చుడీదార్‌లో, పెద్ద కెమెరాను చూసి సిగ్గుపడి, నోటికి చెయ్యి అడ్డం పెట్టుకోబోయి, తీసేసి నవ్వింది.

తల్లి ఆ ఫోన్‌ను రెండు చేతులతో పట్టుకుంది. నవ్వు అయిపోయింది. మళ్ళీ మొదటినుంచి మొదలైంది.

"ఇది ఎప్పటిదమ్మా? చచ్చినట్టు పడుకున్నాకనా?"

"కాదు" అంది వకుళ. "ముందు తీసింది. తర్వాత తీయాల్సింది. తర్వాత నవ్వి ఉంటే చంద్రకళ బతికుండేది. గుండె కాదమ్మా. ముందే తీసేయమని చెప్పింది నేను."

ఆదెమ్మ తలెత్తి ఆమె వంక చూసింది. విన్నదో లేదో తెలియలేదు. చూస్తూనే ఉంది. ఆమె చేతుల్లో చంద్రకళ మళ్ళీ నవ్వడం మొదలుపెట్టింది.

వకుళ ఆ చూపు కింద నిలబడి ఊపిరి తీసుకుంది. తీసుకోవాలని గుర్తుపెట్టుకుని తీసుకుంది. వదిలింది. మళ్ళీ తీసుకుంది.